ఇల్లు మారుతున్నారా? వాషింగ్ మెషిన్‌ను ట్రక్కెక్కించే ముందు ఒక్క మాట

మే నెలాఖరుకు పిల్లల బడులకు సెలవులిచ్చారంటే చాలు, అమెరికాలో మన తెలుగు ఇళ్ళల్లో అట్టపెట్టెల హడావిడి మొదలవుతుంది. ఉద్యోగం మారి ఒకరు, సొంతిల్లు కొనుక్కుని ఒకరు, మంచి స్కూల్ డిస్ట్రిక్ట్ కోసం ఇంకొకరు ఊళ్ళు మారుతుంటారు. దేవుడి పటాలు, ఇడ్లీ కుక్కరు, వెట్ గ్రైండర్ రాయి మాత్రం పసిపిల్లల్లా చూసుకుంటాం. వాషింగ్ మెషిన్ దగ్గరికొచ్చేసరికి “అది ఇనప డబ్బాయే కదా, దానికేమవుతుంది” అని వదిలేస్తాం. నేనూ అలాగే అనుకున్నాను. ఆ ఒక్క మాటకు నేను చెల్లించిన మూల్యం చెప్పి, తర్వాత నేర్చుకున్నదంతా మీ ముందు పెడతాను.

2016 జూన్‌లో మేము న్యూజెర్సీ నుంచి నార్త్ కరొలినాలోని షార్లెట్‌కు మారాం. దారి సుమారు 600 మైళ్ళు. మా ఫ్రంట్ లోడ్ మెషిన్ కొని అప్పటికి రెండేళ్ళు కూడా కాలేదు. బయల్దేరే రోజు పొద్దున కూడా పిల్లల దుప్పట్లు అందులోనే ఉతికాం. సాయం చేయడానికి వచ్చిన మా తమ్ముడి వరసైన అబ్బాయి, “అన్నా, దీన్లో నీళ్ళేమైనా ఉంటాయా?” అని అడిగాడు. “స్పిన్ అయిపోయిందిగా, ఇంకేముంటాయి” అని పైపులు ఊడదీసి మూవర్లకు అప్పగించేశాను.

ట్రక్కు మూడో రోజు వచ్చింది. మెషిన్‌ను దించుతుంటే లోపల ఏదో దొర్లిన చప్పుడు. దాని పక్కనే ఉన్న పెట్టె అడుగు తడిసి మెత్తబడిపోయి ఉంది. ఆ పెట్టెలో పాత ఫోటోలు, వాటితోపాటు మా నాన్నగారు నేను వరంగల్‌లో హాస్టల్లో ఉన్న రోజుల్లో రాసిన ఇన్‌లాండ్ ఉత్తరాలు ఉన్నాయి. ఆయన ఫౌంటెన్ పెన్నుతోనే రాసేవారు. అడుగున ఉన్న పదిహేను ఉత్తరాల దాకా అక్షరాలు కరిగి నీలి మరకలైపోయాయి. నాన్నగారు పోయి అప్పటికి మూడేళ్ళు. మెషిన్ అయితే ఇంకోటి కొనుక్కోవచ్చు. అవి మళ్ళీ ఎక్కడ దొరుకుతాయి?

మెషిన్ కథ కూడా అంతే. రిపేరు చేసే ఆయన వచ్చి వెనక తలుపు విప్పి చూపించాడు. డ్రమ్మును పట్టి ఉంచే షాక్ అబ్జార్బర్లు రెండు విరిగిపోయాయి, పైన ఒక స్ప్రింగు కొక్కెం నుంచి ఊడిపోయింది, డ్రమ్ము ముందు పలకకు కొట్టుకుని వైర్లు నలిగిపోయాయి. “షిప్పింగ్ బోల్టులు పెట్టలేదా?” అని అడిగాడు. అవేమిటో నాకు తెలియదు. కొన్నప్పుడు డెలివరీ కుర్రాళ్ళు విప్పి ఓ కవర్లో పెట్టి ఇచ్చిన పొడుగాటి బోల్టులు అవేనని మా ఆవిడ గుర్తు చేసింది. “ఏవండీ, మీరే కదా ఎందుకీ చెత్త అని పారేశారు!” అంది. నిజమే, నేనే పారేశాను.

డ్రమ్ము లోపల ఊయలలా వేలాడుతుంది

బయటికి కనిపించే ఇనప డబ్బాకు, లోపలి డ్రమ్ముకు గట్టి బిగింపు ఉండదు. ఫ్రంట్ లోడ్ మెషిన్లలో టబ్బు పైన స్ప్రింగులకు వేలాడుతూ, కింద షాక్ అబ్జార్బర్ల మీద ఆని ఉంటుంది. బట్టలు నిమిషానికి వెయ్యి చుట్లకు పైగా తిరిగినప్పుడు ఆ ఊపు ఇంటి నేలకు తగలకుండా అది అటూ ఇటూ ఊగాలి కాబట్టి అలా చేస్తారు. ఆ ఊపును అదుపులో పెట్టడానికి చాలా మెషిన్లలో టబ్బుకు కాంక్రీటు దిమ్మెలు కూడా బిగిస్తారు. ఇక్కడి పెద్ద ఫ్రంట్ లోడ్ మెషిన్ 200 పౌండ్లు, అంటే 90 కిలోల దాకా తూగడానికి అదీ ఒక కారణం.

ఇంట్లో నిలకడగా ఉన్నప్పుడు ఈ ఏర్పాటు బాగానే పనిచేస్తుంది. ట్రక్కులో మాత్రం ప్రతి గుంతకూ, ప్రతి బ్రేకుకూ ఆ బరువంతా ఊగి డబ్బా గోడలకు కొట్టుకుంటుంది. అది జరగకుండా ఫ్యాక్టరీ నుంచి వచ్చేటప్పుడు వెనక వైపు నుంచి పొడుగాటి బోల్టులు దూర్చి టబ్బును డబ్బాకు బిగించి పంపిస్తారు. వాటినే షిప్పింగ్ బోల్టులు, ఇంగ్లండ్ వైపు ట్రాన్సిట్ బోల్టులు అంటారు. మోడల్‌ను బట్టి మూడో నాలుగో ఉంటాయి. మెషిన్ వాడాలంటే అవి తీసేయాలి, కదిలించాలంటే మళ్ళీ పెట్టాలి. ఈ ఒక్క సూత్రం గుర్తుంటే సగం పని అయినట్టే.

వారం ముందే చేయాల్సిన పని

ముందు మీ బోల్టులు ఎక్కడున్నాయో వెతకండి. గరాజ్‌లో, మెషిన్ మాన్యువల్ ఉన్న కవర్లో, వంటింటి పనిముట్ల సొరుగులో చూడండి. దొరక్కపోతే కంగారు పడక్కర్లేదు. తలుపు తెరిస్తే అంచు మీద మోడల్ నంబరున్న స్టిక్కర్ కనిపిస్తుంది. ఆ నంబరుతో తయారీ కంపెనీ దగ్గర గానీ, విడిభాగాలు అమ్మేవాళ్ళ దగ్గర గానీ కొనుక్కోవచ్చు. వేరే మోడల్ బోల్టులు పొడవులో తేడా ఉంటాయి కాబట్టి స్నేహితుల ఇంట్లోవి తెచ్చి బిగించకండి. ఆర్డర్ చేస్తే రావడానికి రోజులు పడుతుంది, అందుకే వారం ముందు అంటున్నాను.

అదే స్టిక్కర్‌ను, వెనకవైపు పైపులు ఎలా తగిలించి ఉన్నాయో దాన్నీ ఫోన్‌తో ఫోటో తీసి పెట్టుకోండి. కొత్త ఇంట్లో ఇది చాలా పనికొస్తుంది.

నీళ్ళు తీయడం: నేను వదిలేసిన పని

స్పిన్ అయిపోతే నీళ్ళు పోయినట్టు కాదు. పంపులో, దాని ఫిల్టర్లో, పైపుల్లో నీళ్ళు మిగిలే ఉంటాయి. నా ఉత్తరాల పెట్టెను తడిపినవి అవే. అందుకే బయల్దేరే ముందురోజుకు, వీలైతే రెండు రోజుల ముందుకే బట్టలు ఉతకడం ఆపేయండి. తర్వాత వరసగా ఇలా చేయండి.

మొదట బట్టలు లేకుండా డ్రెయిన్ అండ్ స్పిన్ పెట్టండి. అది అయ్యాక గోడకున్న వేడినీళ్ళ, చన్నీళ్ళ కుళాయిలు రెండూ కట్టేయండి. కుళాయిలు కట్టేసి ఉండగానే మెషిన్‌ను ఒకసారి వేడినీళ్ళ మీద, ఒకసారి చన్నీళ్ళ మీద కొన్ని సెకన్లు ఆన్ చేసి ఆపేస్తే పైపుల్లో ఉన్న ఒత్తిడి తగ్గుతుంది, విప్పినప్పుడు ముఖాన చిమ్మదు. ఆ తర్వాత ప్లగ్గు తీసేయండి. నీళ్ళలో చెయ్యి పెట్టే ముందు ప్లగ్గు తీసి ఉండాల్సిందే.

ఇప్పుడు కింద బకెట్టు పెట్టి రెండు పైపులనూ విప్పండి. చేత్తో రాకపోతే ప్లయర్‌తో మెల్లగా తిప్పండి. మురికినీళ్ళు పోయే డ్రెయిన్ పైపును కిందికి వంచి బకెట్టులోకి వదలండి. పైపు ఎత్తులో ఉంటే నీళ్ళు లోపలే ఉండిపోతాయి, నేల దాకా దించితేనే బయటికొస్తాయి.

చాలా ఫ్రంట్ లోడ్ మెషిన్లకు ముందు వైపు కింద ఒక చిన్న తలుపు ఉంటుంది. దాని వెనకే పంపు ఫిల్టర్. కొన్నింటికి పక్కనే సన్నటి రబ్బరు గొట్టం కూడా ఉంటుంది. ముందు ఆ గొట్టం మూత తీసి నీళ్ళు పోనిచ్చి, తర్వాత ఫిల్టర్‌ను కొద్దికొద్దిగా తిప్పండి. కింద వెడల్పాటి పళ్ళెం, పాత తువ్వాళ్ళు రెండు తప్పనిసరి. వేడినీళ్ళతో ఉతికిన వెంటనే దాన్ని తెరవకండి, చేతులు కాలుతాయి. మా కొత్త మెషిన్‌కు ఈ పని మొదటిసారి చేసినప్పుడు రెండు క్వార్టర్లు, ఒక జుంకీ, బొట్టు బిళ్ళల అట్టముక్క దొరికాయి.

చివరగా తలుపు చుట్టూ ఉన్న రబ్బరు మడతల్లో, సబ్బు వేసే అరలో పొడిగుడ్డతో తుడిచి, తలుపు ఒక రోజంతా తెరిచి ఉంచండి. తడి మీదే మూసి రెండు మూడు రోజులు ట్రక్కులో ఉంచితే బూజు పట్టి, ఆ వాసన ఎన్ని ఉతుకులకూ పోదు. ఒక్క జాగ్రత్త. ఇంట్లో చిన్నపిల్లలుంటే తెరిచిన మెషిన్ ఉన్న గది తలుపు మూసి ఉంచండి. వాళ్ళకు దాక్కోవడానికి అంతకన్నా మంచి చోటు కనిపించదు, అది ప్రాణాల మీదికి తెచ్చే ఆట.

చలికాలంలో మారేవాళ్ళకు ఇంకో మాట. చికాగో, మినెసోటా, న్యూయార్క్ వైపు ట్రక్కు రాత్రంతా గడ్డకట్టే చలిలో ఆగితే, పంపులో మిగిలిన నీళ్ళు మంచై ఉబ్బి పంపునే పగలగొట్టగలవు. ఇందుకోసం డ్రమ్ములో ఒక క్వార్ట్, అంటే సుమారు లీటరు ఆర్.వి. యాంటీఫ్రీజ్ పోసి, డ్రెయిన్ అండ్ స్పిన్ అరనిమిషం నడపమని కొన్ని కంపెనీల మాన్యువల్‌లలో ఉంటుంది. మీ మాన్యువల్ కూడా అదే చెబితే కుళాయిలు కట్టేశాక, ప్లగ్గు తీయకముందే ఈ పని చేయాలి. కార్లలో పోసే మామూలు యాంటీఫ్రీజ్ విషం, అది పోయకండి. కొత్త ఇంట్లో బట్టలు వేసే ముందు ఖాళీగా ఒకసారి సబ్బుతో నడిపి కడిగేయాలి.

బోల్టులు బిగించడం

మెషిన్ వెనక్కి వెళ్ళి చూస్తే ప్లాస్టిక్ మూతలు కనిపిస్తాయి. వాటిని తీస్తే బోల్టుల కంతలు బయటపడతాయి. ఒకరు తలుపులోంచి డ్రమ్మును మెల్లగా ఎత్తి పట్టుకుంటే, ఇంకొకరు వెనక నుంచి కంతలు ఎదురెదురుగా వచ్చేట్టు చూసి బోల్టు దూర్చాలి. ముందు అన్నిటినీ చేత్తో తిప్పి నిలబెట్టి, ఆ తర్వాతే పానాతో బిగించండి. ఒకదాన్నే ముందు పూర్తిగా బిగిస్తే మిగతావి కంతలకు సరిపోవు. అన్నీ అయ్యాక లోపల డ్రమ్మును చేత్తో నెట్టి చూడండి. డ్రమ్ము ఊగకుండా డబ్బాతోపాటే కదలాలి. తీసిన ప్లాస్టిక్ మూతలను కవర్లో వేసి డ్రమ్ములోనే పెట్టండి.

బోల్టులు ఎంత వెతికినా దొరకలేదు, ప్రయాణం ఊళ్ళోనే పది మైళ్ళు అనుకోండి. పై మూత స్క్రూలు విప్పి, టబ్బుకూ డబ్బాకూ మధ్య సందుల్లో మందపాటి ఫోమ్ గానీ, మడిచిన దుప్పట్లు గానీ వైర్లకు తగలకుండా కూరి డ్రమ్ము కదలకుండా చేస్తారు. ఇది దగ్గర దూరానికి గత్యంతరం లేనప్పుడే. రాష్ట్రాలు దాటేటప్పుడు బోల్టులకు బదులు ఇంకేదీ లేదు.

టాప్ లోడ్ మెషిన్ల తీరు వేరు. వాటిలో టబ్బు నాలుగు మూలల నుంచి కడ్డీలకు వేలాడుతుంది. కొన్నప్పుడు మూత కింద వచ్చిన ఫోమ్ అచ్చు మీ దగ్గరుంటే అదే పెట్టండి. లేకపోతే టబ్బు చుట్టూ, దాని అంచుకూ పై పలకకూ మధ్య తువ్వాళ్ళు సమానంగా కూరి, మూత లేవకుండా పెయింటర్స్ టేప్ వేయండి. మామూలు ప్యాకింగ్ టేప్ వేస్తే పెయింటు ఊడుతుంది, లేదా జిగురు మిగులుతుంది.

ఎత్తడం, ట్రక్కులో నిలబెట్టడం

పైపులు, కరెంటు తీగ చుట్టి వెనకకు అంటించి, తలుపుకు టేప్ వేసి, మూవింగ్ దుప్పటి కప్పి, ఆ పైన ప్లాస్టిక్ చుట్టండి. డ్రయర్ దాని మీద ఎక్కించి ఉంటే ముందు స్టాకింగ్ కిట్ స్క్రూలు విప్పి, ఇద్దరు పట్టుకుని డ్రయర్‌ను దించాకే వాషర్ జోలికి రావాలి.

దయచేసి మగతనం చూపించడానికి చేతులతో ఎత్తకండి. స్నేహితులను పిలిచి బిర్యానీ పెడతామంటే అందరూ వస్తారు, కానీ నడుం పట్టేస్తే వాళ్ళు సోమవారం ఆఫీసుకు వెళ్ళలేరు. పట్టీ ఉన్న అప్లయన్స్ డాలీ ట్రక్కు అద్దెకిచ్చే చోటే దొరుకుతుంది. డాలీని పక్క వైపు నుంచి దూర్చి, పట్టీ బిగించి, ఇద్దరు నడపాలి. మెట్లుంటే బలమైనవాళ్ళు కింది వైపు. తలుపు పట్టుకుని గానీ, పై మూత అంచు పట్టుకుని గానీ లేపకూడదు.

ట్రక్కులో మెషిన్ నిలువుగానే ఉండాలి. డ్రైవర్ వైపు గోడకు ఆనించి, పట్టీలతో కట్టండి. దాని మీద బరువులు పెట్టకండి. పక్కన కాగితాలు, బట్టలు, బియ్యం బస్తాలు పెట్టకండి. ఎన్ని నీళ్ళు తీసినా ఒక గ్లాసుడు మిగిలే అవకాశం ఉందనే లెక్కలో ఉండండి.

మూవర్ల కాగితం మీద సంతకం పెట్టే ముందు

నేను నష్టపరిహారం అడిగితే మూవర్ల నుంచి వచ్చిన జవాబు రెండు ముక్కలు. మెషిన్‌ను ప్రయాణానికి సిద్ధం చేయాల్సింది యజమాని, బోల్టులు లేవు కాబట్టి బాధ్యత మాది కాదు, అన్నది ఒకటి. ఒకవేళ బాధ్యత ఉన్నా మీకు వచ్చేది ఇంతే, అన్నది రెండోది. కాగితాలు తీసి చూస్తే రెండూ నేను సంతకం పెట్టినవే.

రాష్ట్రం దాటే తరలింపుల్లో రిలీజ్డ్ వేల్యూ అని ఒక ఏర్పాటు ఉంది. దానికి అదనపు ఖర్చు లేదు, కానీ పరిహారం వస్తువు ఖరీదును బట్టి కాదు, బరువును బట్టి, పౌండుకు 60 సెంట్లు. 200 పౌండ్ల మెషిన్‌కు 120 డాలర్లు! ఫుల్ వేల్యూ ప్రొటెక్షన్ తీసుకుంటే డబ్బు ఎక్కువవుతుంది గానీ, బాగు చేయించడమో, అలాంటిదే ఇవ్వడమో, దాని విలువ చెల్లించడమో చేయాలి. ఏది ఎంచుకుంటున్నారో తెలుసుకుని సంతకం పెట్టండి. పైపులు విప్పడం, బోల్టులు బిగించడం వాళ్ళ పనిలో ఉందో లేదో ముందే రాతపూర్వకంగా అడగండి. సామాను దిగేటప్పుడే దెబ్బలు చూసి కాగితం మీద రాయించి ఫోటోలు తీయండి. రాష్ట్రాల మధ్య తరలింపులో క్లెయిమ్ పెట్టడానికి 9 నెలల గడువు ఉంటుంది.

కొత్త ఇంట్లో

మెషిన్ తన చోటికి చేరాక చేయాల్సిన మొదటి పని బోల్టులు తీయడం. మరిచిపోయి అలాగే స్పిన్ పెడితే మెషిన్ గది దద్దరిల్లేలా ఎగురుతుంది, పాడైపోతుంది కూడా. తీసిన కంతలకు ప్లాస్టిక్ మూతలు పెట్టేయండి. బోల్టులు జిప్ కవర్లో వేసి మెషిన్ వెనకకే టేప్ వేసి అంటించండి. మా ఇంట్లో ఇప్పుడు అవి అక్కడే ఉంటాయి, పారేయడానికి నా చేతికి అందవు.

పైపులు పాతబడితే ఇదే సమయంలో మార్చేయండి. స్టీలు అల్లిక ఉన్నవి మంచివి. లోపల రబ్బరు వాషర్ ఉందో లేదో చూసి, వేడికి వేడి, చల్లకు చల్ల తగిలించండి. డ్రెయిన్ పైపును గోడ గొట్టంలోకి మరీ లోతుగా తోయకండి, నీళ్ళు నిండుతుండగానే వెనక్కి లాగేసుకుంటుంది. మెషిన్ మీద లెవెల్, అదే మన మేస్త్రీలు వాడే రసమట్టం, పెట్టి కాళ్ళు సరిచేసి నట్లు బిగించండి. మొదటిసారి బట్టలు లేకుండా నడిపి, అది అయ్యేదాకా అక్కడే ఉండి ఎక్కడైనా చుక్క కారుతోందేమో చూడండి. మేడ మీద లాండ్రీ ఉన్నవాళ్ళకు ఇది మరీ ముఖ్యం.

డ్రయర్ విషయంలో రెండే మాటలు. గ్యాస్ డ్రయర్ అయితే పైపు విప్పడం, బిగించడం తెలిసిన మనిషికే వదలండి. కరెంటు డ్రయర్ అయితే కొత్త ఇంటి సాకెట్ చూసి రండి. పాత ఇళ్ళల్లో మూడు కంతల సాకెట్, 1996 తర్వాతి నిబంధనలతో కట్టిన ఇళ్ళల్లో నాలుగు కంతల సాకెట్ ఉంటుంది. డ్రయర్ తీగ దానికి తగ్గట్టు మార్పించాల్సి రావచ్చు.

ఇండియాకు తిరిగి వెళ్ళేవాళ్ళు చాలామంది “మెషిన్ కూడా కంటెయినర్లో వేసేద్దామా” అని అడుగుతుంటారు. అమెరికా, కెనడా మెషిన్లు 120 వోల్టులు, 60 హెర్ట్జ్ మీద నడుస్తాయి. మన దగ్గర 230 వోల్టులు, 50 హెర్ట్జ్. ట్రాన్స్‌ఫార్మర్ పెడితే వోల్టేజి మారుతుంది గానీ హెర్ట్జ్ మారదు. ఇక్కడే అమ్మేసో, ఎవరికైనా ఇచ్చేసో వెళ్ళడం మేలు. ఇంగ్లండ్, దుబాయ్, మలేషియా నుంచి వెళ్ళేవాళ్ళకు ఈ చిక్కు లేదు, బోల్టులు మాత్రం అక్కడా తప్పవు.

2022లో మేము షార్లెట్ నుంచి డాలస్ వైపు మారాం. ఈసారి వెయ్యి మైళ్ళు. రెండు రోజుల ముందే నీళ్ళు తీశాను, నాలుగు బోల్టులు బిగించాను, మూవర్ల ముందే డ్రమ్మును నెట్టి చూపించి కాగితం మీద రాయించాను. దిగిన రోజు సాయంత్రమే మెషిన్ చప్పుడు లేకుండా తిరిగింది. “ఇప్పటికి నేర్చుకున్నారు” అంది మా ఆవిడ.

నాన్నగారి ఉత్తరాల్లో మిగిలినవాటిని ఇప్పుడు ప్లాస్టిక్ కవర్లలో వేసి పెట్టాను, అన్నిటినీ స్కాన్ చేసి చెల్లెలికి కూడా పంపాను. ఆ పెట్టెను మాత్రం ట్రక్కెక్కించలేదు. వెయ్యి మైళ్ళూ కారులో మా ఆవిడ కాళ్ళ దగ్గరే ఉంది. మీ ఇంట్లోనూ అలాంటి పెట్టె ఒకటి ఉండే ఉంటుంది. దాన్ని మీతోపాటు కారులో పెట్టుకోండి, మిగతాదంతా బోల్టులు బిగించి పంపించండి.